హంగేరీ రాజులు, వెనిస్ వర్తకులు, మధ్యలో డాల్మేషియా ఊళ్ళు: తరచుగా అడిగే ప్రశ్నలు

హంగేరీ, వెనిస్ మధ్య జరిగిన యుద్ధాల మాట ఎప్పుడు వచ్చినా అవే సందేహాలు తిరిగి తిరిగి వస్తున్నాయి, ముఖ్యంగా "ఓడలే లేని రాజు వెనిస్‌ని ఎలా ఓడించాడు" అన్నది. ప్రతిసారీ మొదటి నుంచి చెప్పే ఓపిక లేక అన్నీ ఒకచోట పెట్టేశాను. వరసగా చదవక్కర్లేదు, మీకు కావాల్సిన ప్రశ్నకు నేరుగా వెళ్ళిపోండి.

## ముందు అసలు గొడవ ఏంటో

ఇది ఒక యుద్ధమా, చాలా యుద్ధాలా? ఎప్పటి నుంచి ఎప్పటి వరకు?

చాలా యుద్ధాలు, కానీ తగువు ఒక్కటే. ఏడ్రియాటిక్ సముద్రం తూర్పు ఒడ్డున ఉన్న డాల్మేషియా తీరం ఎవరిది అన్నదే ఆ తగువు. హంగేరీ రాజు కాల్మాన్ 1102లో క్రొయేషియా రాజుగా కూడా పట్టం కట్టుకుని, 1105లో జాదర్ రేవు మీదికి వచ్చాడు, అక్కడ మొదలైంది. 1420 నాటికి ఆ తీరంలో ఎక్కువ భాగం వెనిస్ చేతిలో పడ్డాక చల్లారింది. మధ్యలో ఉన్న మూడొందల ఏళ్ళలో ఒక్కో ఊరు ఎన్నిసార్లు చేతులు మారిందో లెక్క రాసుకుంటే తప్ప గుర్తుండదు. మామూలుగా "హంగేరీ–వెనిస్ యుద్ధం" అని ఎవరైనా అంటే 1356–58 నాటి దాని గురించే అనుకోవచ్చు.

డాల్మేషియాలో అంత ఏముంది? రాళ్ళూ ద్వీపాలే కదా?

ఆ రాళ్ళూ ద్వీపాలే కావాలి. ఆ రోజుల్లో వెనిస్ వాడే గాలీ అంటే తెడ్లతో నడిచే పొడుగాటి యుద్ధనౌక, ఒక్కోదాంట్లో తెడ్డు వేసేవాళ్ళే నూట యాభై మందికి పైన. అంతమందికి సరిపడా మంచినీళ్ళు ఎక్కువ రోజులకు మోసుకెళ్ళే చోటు అందులో ఉండదు, అందుకని తరచూ ఎక్కడో ఒకచోట ఆగి నీళ్ళు, రొట్టెలు ఎక్కించుకోవాల్సిందే. ఇటలీ వైపు తీరం చాలాచోట్ల ఇసక మేటలు, లోతు తక్కువ, తుఫాను వస్తే దాక్కునే చోటు లేదు. డాల్మేషియా వైపు లోతైన నీళ్ళు, గాలికి అడ్డంగా ద్వీపాలు, వరసగా రేవులు. హైదరాబాద్–విజయవాడ హైవే మీద హోటళ్ళూ పెట్రోల్ బంకులూ అన్నీ ఒక్కడి చేతిలో ఉంటే ఆ రోడ్డు మీద పెత్తనం ఎవరిదో వేరే చెప్పాలా? కాన్‌స్టాంటినోపుల్‌కి, అలెగ్జాండ్రియాకి వెళ్ళే వెనిస్ సరుకంతా ఈ దారినే పోవాలి. పైగా అక్కడ పాగ్ ద్వీపంలో ఉప్పు పండుతుంది, అడవుల్లో కలప దొరుకుతుంది, సముద్రం తెలిసిన నావికులు ఉంటారు.

వెనిస్ ఒక ఊరే కదా, అంత పెద్ద రాజ్యానికి ఎదురెలా నిలబడింది?

ఊరే, కానీ 1348లో ప్లేగు రాకముందు లక్ష మంది వరకు జనం ఉన్న ఊరు. అప్పటి యూరప్‌లో అది మహానగరం కింద లెక్క. ఆర్సెనాల్ అనే సొంత నౌకాశాల ఉంది, 1284 నుంచి బంగారు డ్యూకాట్ నాణెం కొడుతోంది, డబ్బు అవసరమైతే పౌరుల దగ్గర తప్పనిసరి అప్పు తీసుకుని వడ్డీ కట్టే పద్ధతి కూడా ఉంది. రాజుకు సైన్యం కావాలంటే ప్రభువుల్ని పిలవాలి, వాళ్ళు గుర్రాలెక్కి రావాలి, కొన్ని నెలలయ్యాక ఇళ్ళకు పోతామంటారు. వెనిస్ మాత్రం డబ్బిచ్చి మనుషుల్ని పెట్టుకుంటుంది. డబ్బున్నన్నాళ్ళూ యుద్ధం నడుస్తుంది.

రిపబ్లిక్ అంటున్నారు, అంటే అక్కడ ప్రజాస్వామ్యమా?

కాదు. రాజు లేడు, అంతే. మహాసభలో కూర్చునే హక్కు 1297 తర్వాత దాదాపుగా కొన్ని కుటుంబాలకే పరిమితమైపోయింది. పైన డోజ్ అనే అధినేత ఉంటాడు, ఎన్నికైతే చచ్చేదాకా పదవిలోనే, కానీ చేతులు కట్టేసిన పదవి. మారినో ఫాలియేరో అనే డోజ్ 1355లో ఆ కట్లు తెంచుకుని తానే ప్రభువు అవుదామని కుట్ర పన్నితే తల నరికేశారు. వర్తక కుటుంబాలు కలిసి నడుపుకునే కంపెనీకి ఒక జెండా, ఒక నౌకాదళం ఉన్నాయనుకుంటే నిజానికి దగ్గరగా ఉంటుంది.

హంగేరీకి సముద్రమే లేదు కదా?

ఇవాళ్టి మ్యాప్ చూసి వచ్చే సందేహం ఇది. అప్పటి హంగేరీ రాజు క్రొయేషియాకు కూడా రాజు, ఆ లెక్కన ఏడ్రియాటిక్ అంచు దాకా తనదే అంటాడు. లేనిది నౌకాదళం.

## జాదర్ కథ

1202లో క్రూసేడర్లు, అంటే క్రైస్తవ మతయుద్ధానికి బయల్దేరినవాళ్ళు, సాటి క్రైస్తవుల ఊరి మీదే ఎలా పడ్డారు?

అప్పు తీర్చలేక. నాలుగో క్రూసేడ్ నాయకులు 33,500 మందికి ఓడలు కావాలని వెనిస్‌తో 85,000 వెండి మార్కులకు ఒప్పందం చేసుకున్నారు. వెనిస్ ఏడాదిపాటు మామూలు వ్యాపారం పక్కనబెట్టి ఓడలు తయారుచేసింది. తీరా చూస్తే వచ్చింది మూడోవంతు మందే, ఉన్నదంతా ఊడ్చి ఇచ్చినా ఇంకా 34,000 మార్కులు తక్కువ పడ్డాయి. అప్పుడు డోజ్ ఎన్రికో దాందోలో, అప్పటికే చూపు పోయిన ముసలాయన, ఒక దారి చూపించాడు: బాకీ తర్వాత చూసుకుందాం, ముందు మా చేయి జారిన జాదర్‌ని పట్టివ్వండి. ఊరివాళ్ళు మేమూ క్రైస్తవులమే అని గోడల మీంచి శిలువలు వేలాడదీశారు. లాభం లేకపోయింది, నవంబర్‌లో రెండు వారాల ముట్టడితో ఊరు పడిపోయింది. ఇందులో ఇంకా చోద్యం ఏంటంటే, ఆ ఊరికి ప్రభువైన హంగేరీ రాజు ఎమెరిక్ స్వయంగా క్రూసేడ్ దీక్ష తీసుకున్నవాడు. పోప్ మూడో ఇన్నోసెంట్ అందరినీ మతం నుంచి వెలివేశాడు, తర్వాత క్రూసేడర్లను క్షమించాడు, వెనిస్‌వాళ్ళను మాత్రం క్షమించలేదు.

జాదర్, జారా రెండూ వేర్వేరు ఊళ్ళా?

ఒకటే. ఇటాలియన్‌లో జారా, క్రొయేషియన్‌లో జాదర్. అలాగే రగూసా అన్నా డుబ్రోవ్నిక్ అన్నా ఒకటే.

జాదర్ అన్నిసార్లు వెనిస్ మీద ఎందుకు తిరగబడింది?

1180 ప్రాంతంలో, 1242లో, 1311లో, 1345లో. ఇవి పెద్దవి మాత్రమే. వెనిస్ తన మనిషిని తెచ్చి ఊరి అధికారిగా కూర్చోబెడుతుంది, ఊరి వర్తకం తన రేవు మీదుగానే నడవాలంటుంది. జాదర్ వాళ్ళూ వర్తకులే, వాళ్ళకూ సొంత ఓడలున్నాయి, కాబట్టి వాళ్ళ కళ్ళకు వెనిస్ ఏలికలా కాదు, బలిసిన పోటీదారులా కనిపిస్తుంది. హంగేరీ రాజు దూరంగా ఉంటాడు, వర్తకం జోలికి పెద్దగా రాడు. దూరంగా ఉన్న దొర మేలని వాళ్ళు అనుకోవడంలో వింతేమీ లేదు. నన్నడిగితే ఈ మొత్తం కథకు తాళం చెవి ఇక్కడే ఉంది: ఎవరి సైన్యం పెద్దది అన్నదాని కంటే, ఊళ్ళు ఎవరికి తలుపులు తీశాయన్నదే ఎక్కువసార్లు ఫలితం తేల్చింది.

1346లో హంగేరీ రాజు లూయీ అంత సైన్యంతో వచ్చి కూడా జాదర్‌ని ఎందుకు వదిలేసి పోయాడు?

1345లో లూయీ క్రొయేషియా ప్రభువుల్ని దారికి తేవడానికి వచ్చాడని తెలిసి జాదర్‌వాళ్ళు అతని వైపు చూశారు. ఈలోగా అతను వెనక్కి వెళ్ళిపోయాడు, ఆగస్టులో వెనిస్ ఊరిని చుట్టుముట్టింది. సముద్రం వైపు నౌకలు, నేల వైపు ఊరి గోడకు ఎదురుగా బాస్తీదా అనే పెద్ద కర్రకోట. కందకం, బురుజులు, లోపల సైనికులు, అన్నీ ఉన్న కోట అది. ఊళ్ళోకి గింజ పోనివ్వలేదు. మరుసటి ఏడాది లూయీ నిజంగానే పెద్ద సైన్యంతో వచ్చి 1346 జులై 1న ఆ కర్రకోట మీద పడ్డాడు, లోపలి నుంచి జాదర్‌వాళ్ళూ బయటికొచ్చి కలిశారు, అయినా అది పడలేదు. గుర్రపు సైన్యం మైదానంలో ఎంత గొప్పదైనా కట్టుదిట్టమైన దడి ముందు చేసేదేమీ ఉండదు కదా. దానికితోడు నేపుల్స్‌లో అతని తమ్ముడు ఆండ్రూని 1345 సెప్టెంబర్‌లో చంపేశారు, అతని మనసంతా అటే ఉంది. వెళ్ళిపోయాడు. ఆకలితో మాడిన ఊరు డిసెంబర్‌లో లొంగిపోయింది. 1348లో వెనిస్‌తో ఎనిమిదేళ్ళ యుద్ధవిరామం రాసుకున్నాడు, ఆ గడువు 1356కి తీరుతుంది. ఆ ఏడాదే మళ్ళీ వచ్చాడు.

## 1356–58: రాజు గెలిచిన యుద్ధం

ఓడలు లేకుండా వెనిస్‌ని ఎలా ఓడించాడు?

సముద్రం వైపు వెళ్ళనే లేదు, అదే కిటుకు. పదేళ్ళ కిందట జాదర్ దగ్గర తగిలిన దెబ్బతో లూయీకి అర్థమైంది, వెనిస్ బలం నీళ్ళ మీద, మరి నీళ్ళ మీద దాన్ని కొట్టడం ఎందుకు? 1339లో వెనిస్ ట్రెవీజో అనే ఊరిని తీసుకుంది, ఇటలీ నేల మీద దానికి దక్కిన మొదటి పెద్ద ఆస్తి అదే. తిండిగింజలు, ఉత్తరాన జర్మన్ దేశాలకు పోయే వర్తకపు దారి, రెండూ ఆ వైపే. 1356 వేసవిలో లూయీ డాల్మేషియాకు పోకుండా నేరుగా ఆ నేల మీదికి దిగాడు. కోనెల్యానో లాంటి చిన్న ఊళ్ళు పట్టుకుని ట్రెవీజోని ముట్టడించాడు, పక్కనున్న పాడువా ప్రభువు ఫ్రాంచెస్కో దా కర్రారా అతని సైన్యానికి తిండీ తిప్పలూ చూసుకున్నాడు.

ట్రెవీజో పడలేదు, ఆ మాట కూడా చెప్పాలి. ముట్టడి సాగదీయడం హంగేరీ సైన్యానికి ఎప్పుడూ చేతకాలేదు. కానీ విల్లు పట్టిన తేలిక గుర్రపు దళాలు పల్లెల్ని తగలబెట్టుకుంటూ తిరుగుతుంటే వెనిస్ వాకిట్లోనే మంట పెట్టినట్టయింది. అప్పటికే 1348 ప్లేగులో ఊళ్ళో సగానికి సగం పోయారు, వెనిస్‌కి పోటీ అయిన ఇటలీ వర్తక నగరం జెనోవాతో 1350–55 యుద్ధం ఖజానాని ఊడ్చేసింది. వెనిస్ ఇటు డబ్బు పోస్తుంటే అటు డాల్మేషియాకు పంపడానికి మనుషులు లేరు. 1357లో స్ప్లిట్, ట్రోగిర్ వాళ్ళు వెనిస్ అధికారుల్ని సాగనంపి రాజుకు జై కొట్టారు. డిసెంబర్‌లో జాదర్‌లోకి హంగేరీ సైన్యం లోపలివాళ్ళ సాయంతోనే దూరింది. ఒక్క పెద్ద సముద్రయుద్ధం జరగకుండా తీరమంతా చేతులు మారింది.

ముట్టడిలో ఇరుక్కున్న మనిషిని డోజ్‌గా ఎన్నుకున్నారట, నిజమేనా?

నిజమే. 1356 ఆగస్టులో డోజ్ జొవానీ గ్రాదెనీగో చనిపోయాడు. ఎన్నికైన కొత్త డోజ్ జొవానీ దోల్ఫిన్ అప్పుడు ట్రెవీజో లోపల ఉండి ఊరిని కాపాడుతున్నాడు. మా డోజ్‌ని బయటికి వదలండి అని వెనిస్ అడిగితే హంగేరీవాళ్ళు ఒప్పుకోలేదు, చేతికి చిక్కిన అంత పెద్ద చేపని ఎవరు వదులుతారు? ఆయన చుట్టుముట్టినవాళ్ళ మధ్య నుంచే తప్పించుకుని వెనిస్ చేరాడు. పాపం, అంత సాహసం చేసి పదవిలోకి వచ్చినవాడు చివరికి సంతకం పెట్టాల్సి వచ్చింది ఓటమి సంధి మీద.

జాదర్ సంధిలో ఏం రాసుకున్నారు?

1358 ఫిబ్రవరి 18న జాదర్‌లోని సెయింట్ ఫ్రాన్సిస్ మఠంలో కుదిరింది. క్వార్నేరో అఖాతం నుంచి దురాజో సరిహద్దు దాకా, అంటే ఇవాళ్టి క్రొయేషియా ఉత్తర తీరం నుంచి అల్బేనియా దాకా, వెనిస్ తన హక్కులన్నీ వదులుకుంది. రాజు ఇటలీ వైపు పట్టుకున్న ఊళ్ళు తిరిగి ఇచ్చేశాడు. డోజ్ తన బిరుదుల్లోంచి "డాల్మేషియా, క్రొయేషియాల డ్యూక్" అన్న ముక్క తీసేయాలి. మనకు ఇది చిన్న సంగతిలా ఉంటుంది కానీ మూడున్నర శతాబ్దాలుగా మోస్తున్న బిరుదు అది, వెనిస్‌లో ఊళ్ళు పోయినందుకు ఎంత ఏడ్చారో దీనికీ అంతే ఏడ్చి ఉంటారు.

రాజు కిందికి వచ్చాక ఊళ్ళు సుఖపడ్డాయా?

కొంత. స్థానిక కౌన్సిళ్ళు, చట్టాలు నిలిచాయి, జాదర్ వర్తకం పుంజుకుంది. లూయీ ఒక అడ్మిరల్ పదవి పెట్టి జెనోవా మనుషుల్ని కూడా అందులో కూర్చోబెట్టాడు. కానీ దూరంగా ఉన్న దొరకి కూడా డబ్బు కావాలిగా, ఉప్పు వ్యాపారాన్ని రాజు గుత్తకు తీసుకున్నాడు, సరుకుల మీద ముప్పయ్యో వంతు సుంకం వేశాడు. తలుపులు తీసినప్పుడు ఇది మాట్లాడుకోలేదే అని ఊళ్ళు సణిగాయి.

రగూసా ఎలా తప్పించుకుంది?

తెలివిగా. 1205 నుంచి వెనిస్ కింద ఉన్న ఊరు, 1358 మే నెలలో విషెగ్రాద్ కోటలో లూయీతో విడిగా ఒప్పందం చేసుకుంది: ఏటా 500 డ్యూకాట్ల కప్పం, రాజు జెండా, చర్చిలో రాజు పేరిట ప్రార్థన. బదులుగా పాలన మొత్తం వాళ్ళదే. అక్కడి నుంచి తామే ఒక వర్తక గణతంత్రంగా ఎదిగి, తర్వాత ఆటోమన్ సుల్తాన్‌కి కప్పం కట్టుకుంటూ 1808లో నెపోలియన్ మనుషులు రద్దు చేసేదాకా బతికారు. ఈ తగువులో నిజంగా లాభపడింది వీళ్ళొక్కరే అంటాను.

## కియోజా, ఆ తర్వాత

కియోజా యుద్ధం జెనోవా, వెనిస్‌ల మధ్యది కదా, హంగేరీ పేరెందుకు వస్తుంది?

వెనిస్ గొంతు నొక్కడానికి జెనోవా కూడగట్టిన జట్టులో హంగేరీ, పాడువా ఉన్నాయి కాబట్టి. 1378లో మొదలైన ఈ యుద్ధంలో జెనోవా నౌకలు డాల్మేషియా రేవుల్లో ఆగి బాగుచేసుకునేవి, లూయీ సైన్యం మళ్ళీ ట్రెవీజో వైపు దిగింది. 1379 ఆగస్టులో వెనిస్ లంకలకు దక్షిణపు వాకిలిలాంటి కియోజా ఊరు జెనోవా చేతిలో పడింది. ఊళ్ళో అందరికీ చెమటలు పట్టిన రోజులవి. డిసెంబర్‌లో డెబ్బై దాటిన డోజ్ ఆంద్రియా కొంతరీనీ స్వయంగా నౌక ఎక్కి, రాళ్ళు నింపిన పడవల్ని కాలువల్లో ముంచి, ముట్టడించినవాళ్ళనే లోపల బంధించాడు. 1380 జనవరి 1న వెనిస్ సేనాని కార్లో జెనో నౌకాదళం తూర్పు నుంచి వచ్చి కలిసింది. కొన్ని వారాలకే జెనోవా సేనాని పియెత్రో దోరియా, ఫిరంగి గుండు తగిలి కూలిన కట్టడం కింద పడి చచ్చిపోయాడు. ఫిరంగులు యూరప్‌కి అప్పుడప్పుడే అలవాటవుతున్న రోజులు. జూన్‌లో జెనోవా సైన్యం లొంగిపోయింది.

అంటే వెనిస్ గెలిచింది. మరి హంగేరీకి కప్పం ఎందుకు కట్టింది?

జెనోవా మీద బతికి బయటపడింది, హంగేరీ మీద గెలవలేదు. 1381 ఆగస్టులో ట్యూరిన్‌లో కుదిరిన సంధి ప్రకారం డాల్మేషియా రాజుదే, పైగా వెనిస్ ఏటా 7,000 డ్యూకాట్లు రాజుకు ఇవ్వాలి. ట్రెవీజోని ఆస్ట్రియా డ్యూక్‌కి అప్పగించేసింది.

మరి అంత గెలిచిన హంగేరీ మొత్తం ఎలా పోగొట్టుకుంది?

వారసత్వం తగాదాలతో. 1382లో లూయీ పోయాడు, కొడుకుల్లేరు. కూతురు మేరీ రాణి అయితే ప్రభువులు రెండు చీలికలయ్యారు, తిరుగుబాటుదార్లు తల్లీకూతుళ్ళను పట్టుకెళ్ళి నోవిగ్రాద్ కోటలో పెట్టి తల్లి ఎలిజబెత్‌ని 1387లో గొంతు నులిమి చంపేశారు. మేరీని విడిపించడానికి సాయపడ్డ నౌకలు ఎవరివో తెలుసా? వెనిస్‌వి. ఆమె భర్త సిగిస్మండ్ 1396లో నికోపొలిస్ దగ్గర ఆటోమన్ల చేతిలో ఓడి పారిపోయింది కూడా వెనిస్ నౌకల మీదే. శత్రువు కాళ్ళ కింద నేల జారుతుంటే పైకి లాగుతూ, తన టైమ్ కోసం ఓపిగ్గా కూర్చుంది వెనిస్.

వెనిస్ డాల్మేషియాని డబ్బు పెట్టి కొనేసింది అంటారు, నిజమా?

సగం నిజం. నేపుల్స్ రాజు లాడిస్లాస్ హంగేరీ సింహాసనం నాదేనంటూ 1403లో జాదర్‌కి వచ్చి కిరీటం పెట్టించుకున్నాడు, లోపలికి పోయే ధైర్యం చాలక తిరిగి వెళ్ళిపోయాడు. చేతిలో మిగిలిన కొన్ని రేవుల్ని ఏంచేసుకోవాలో తెలియక 1409 జులై 9న జాదర్, పాగ్, నోవిగ్రాద్, వ్రానాలను, మొత్తం డాల్మేషియా మీద తన "హక్కు"తో సహా లక్ష డ్యూకాట్లకు వెనిస్‌కి అమ్మేశాడు. తనది కానిదాన్ని కూడా కలిపి అమ్మాడన్నమాట. డబ్బుకి వచ్చింది ఆ నాలుగు చోట్లే. షిబెనిక్ చాలాకాలం ముట్టడిని ఓర్చుకుని 1412లో లొంగింది, ట్రోగిర్, స్ప్లిట్ 1420లో. అవి కొన్నవి కావు, కొట్టి తీసుకున్నవి.

సిగిస్మండ్ చూస్తూ ఊరుకున్నాడా?

లేదు. ఫ్లోరెన్స్ నుంచి వచ్చి తన కొలువులో చేరిన పిప్పో స్పానో అనే సేనానిని 1411లో వెనిస్‌కి ఈశాన్యాన ఉన్న ఫ్రియూలీ ప్రాంతం మీదికి పంపాడు, వెనిస్ సరుకుని జర్మన్ దేశాల్లోకి రానివ్వకుండా అడ్డుకోవాలని చూశాడు. 1413లో ఐదేళ్ళ విరామం. 1418లో మళ్ళీ మొదలైతే అటు బొహీమియాలో హుస్సైట్లు అనే మత తిరుగుబాటుదార్ల గొడవ, ఇటు ఆటోమన్లు, చేతులు ఖాళీ లేవు. 1420లో వెనిస్ ఫ్రియూలీని కూడా కలిపేసుకుంది.

## మిగిలిన సందేహాలు

వెనిస్ చేతిలో ఎన్నాళ్ళు ఉంది ఆ తీరం?

1797లో నెపోలియన్ వెనిస్ గణతంత్రాన్నే ముగించేదాకా. రగూసా మాత్రం తిరిగి దానికి దక్కలేదు.

ఇప్పుడు జాదర్ వెళ్తే ఈ యుద్ధం గుర్తులు ఏమైనా కనిపిస్తాయా?

సెయింట్ సిమియన్ చర్చిలో వెండి పేటిక చూడండి. లూయీ భార్య ఎలిజబెత్ 1377లో చేయించమంది, మిలాన్‌కి చెందిన ఫ్రాంచెస్కో అనే కంసాలి 1380కి పూర్తిచేశాడు. మనిషి పడుకునేంత పొడుగు, దేవదారు చెక్క మీద వెండి రేకులు, బంగారు పూత. ఒక పలక మీద లూయీ జాదర్‌లోకి ప్రవేశిస్తున్న బొమ్మ ఉంటుంది, ఊరి పెద్దలు అతనికి ఎదురొస్తుంటారు. దానికి కొంచెం దూరంలో ఊరి ద్వారం మీద వెనిస్ రెక్కల సింహం ఉంటుంది, అది 1543 నాటిది. ఆర్డర్ తెలియకుండా చూస్తే రెండూ ఒకే కాలంవి అనిపిస్తాయి.

మనవైపు చరిత్రకి, దీనికి ఏమైనా లింకు ఉందా?

యుద్ధానికి నేరుగా లేదు, మనుషుల ద్వారా ఉంది. మార్కో పోలో వెనిస్ వర్తకుడే. వెనిస్, జెనోవాల మధ్య అంతకుముందు జరిగిన యుద్ధంలో చిక్కి, 1298లో జెనోవా చెరలో ఉన్నప్పుడు తోటి ఖైదీకి చెబుతూ రాయించినదాంట్లోనే మోటుపల్లి రేవు, అక్కడి సన్నటి బట్టలు, వజ్రాలు, రుద్రమదేవి అని మనం అనుకునే రాణి ప్రస్తావన వస్తాయి. ఇక గ్రూప్స్‌కి ప్రిపేర్ అయ్యేవాళ్ళు బట్టీపట్టే నికోలో కాంటి, 1420 ప్రాంతంలో విజయనగరం చూసి వెళ్ళినవాడు, పుట్టింది కియోజాలో. ముట్టడి ముగిసిన పదిహేనేళ్ళ ప్రాంతంలో పుట్టాడు కాబట్టి వాళ్ళింట్లో పెద్దవాళ్ళు ఆ ముట్టడిని కళ్ళారా చూసినవాళ్ళే అయ్యుంటారు.